ఏడ్చేవాళ్ళు లేని షేఖు

ఒమ్‌దుర్మాన్
1933 జనవరి 9

తమ్ముడు జుబారాకు,

నీ అక్క బతూల్ చెబుతుంటే నీ బావ అవద్ రాస్తున్నాడు. ఇక్కడ అందరం కులాసా. నువ్వూ అలాగే ఉండాలని అల్లాను అడుగుతున్నాను.

తుమ్మజిగురు బస్తాలతో ఇక్కడి సంతకొచ్చిన మన ఊరి వ్యాపారి మొన్న మా గుమ్మంలో ఆగి ఒక కబురు చెప్పాడు. నువ్వు ఉమ్ హషాబాకు షేఖువయ్యావట. ఇంగ్లీషు దొర స్వయంగా వచ్చి నీ భుజాల మీద సర్కారు అంగీ కప్పి వెళ్ళాడట. నేను నమ్మలేదు. "ఏ జుబారా? తాళ్ళు పేనే జుబారానా?" అని అడిగాను. "వాడే. చెప్పులు వేసుకోవడం మరిచిపోయి బజారుకొచ్చే జుబారా," అన్నాడు. అప్పుడు నమ్మాను.

ఎలా జరిగిందిరా ఇది? నాన్న బావులకు తాళ్ళు పేని బతికాడు. తాతా అంతే. హాజ్ కర్రార్ లాంటి పెద్దమనిషి ఉండగా నిన్నెందుకు షేఖును చేశారు? ముసలాయనకేమైనా అయిందా?

నీ పెళ్ళాం ఆమ్నా పోయి రెండేళ్ళు దాటింది. ఇప్పుడైనా ఇంట్లోకి ఒక మనిషిని తెచ్చుకో. షేఖు ఇంట్లో ఒక్క మంచం ఉంటే వచ్చినవాళ్ళు ఎక్కడ కూర్చుంటారు?

నాకు మళ్ళీ నెల తప్పింది. ఎవరికీ చెప్పకు. పోయిన రెండుసార్లూ నలుగురికీ చెప్పుకున్నాకే పోయాయి.

నీ అక్క
బతూల్

బావగారి మనవి: తమరి నియామక వార్త వెల్లడైన దినము నుండి మా కచేరీలో నాకు విశేష గౌరవము లభించుచున్నది. తమరిది ఏడు తరముల షేఖుల వంశమని జిల్లా దొరగారు పై వారికి నివేదించినట్లు మా గుమాస్తాలు చెప్పుకొనుచున్నారు. ఈ సంగతి తమరి అక్కకు చెప్పగా నవ్వి నవ్వి పొలమారినది. కారణము చెప్పలేదు. — అవద్


ఉమ్ హషాబా
1933 ఫిబ్రవరి 20

అక్కా, సలాం. బావకు కూడా.

ముందు ఆ ఏడు తరాల సంగతి చెబుతాను. బావ నొచ్చుకోకూడదు.

దొర వస్తున్నాడని వారం ముందే తెలిసింది. ఊరూరా తిరుగుతూ "మీ షేఖు ఎవరు?" అని అడుగుతున్నాడని కూడా తెలిసింది. మన ఊళ్ళో ఆ మాట అడిగినవాళ్ళెవరూ మంచికి అడగలేదు కదా. తుర్కుల కాలంలో పెద్ద ఎవరని అడిగి, ముందుకొచ్చినవాణ్ణి పన్ను కట్టేదాకా తెబెల్దీ చెట్టుకు తలకిందులుగా వేలాడదీశారు. తర్వాత తుర్కులను తరిమిన మహదీ మనుషులొచ్చారు. వాళ్ళు పెద్ద ఎవరని అడిగి తీసుకుపోయినవాడు తిరిగి రాలేదు. ఈ దొరలొచ్చిన కొత్తలో హాజ్ కర్రార్ తండ్రిని పిలిచి, ఏదో తిరుగుబాటు పేరు చెప్పి జైలుకు పంపారు. సర్కారు పెద్దను అడిగిందంటే తలను అడిగినట్టేనని మనవాళ్ళ లెక్క.

ఊరి మగాళ్ళు మసీదు వెనక నీడలో కూర్చుని ఆలోచించారు. హాజ్ కర్రార్‌ను జొన్నల పాతరలో దాచాలన్నది మొదటే తేలిపోయింది. మరి దొర ముందు ఎవరిని నిలబెట్టాలి? ఒకడి పెళ్ళాం కడుపుతో ఉంది. ఒకడికి మంచాన పడ్డ తల్లి. సిద్దీఖ్‌కు నలుగురు ఆడపిల్లలు. ఒక్కొక్కణ్ణీ దాటుకుంటూ వచ్చి నా దగ్గర ఆగారు. ఎవరూ కోపంతో అనలేదు, ఆ మాట చెప్పాలి. హాజ్ కర్రార్ నా భుజం మీద చెయ్యి వేసి, "నాయనా, నీకు పెళ్ళాం లేదు, బిడ్డ లేదు, అమ్మా నాన్నా లేరు. నిన్ను తీసుకుపోతే వెనక ఏడ్చేవాళ్ళుండరు," అన్నాడు.

"బతూల్ ఉంది కదా," అని గోడ అవతల నుంచి ఒక ఆడమనిషి అంది.

"బతూల్ ఎక్కడో ఒమ్‌దుర్మాన్‌లో ఉంది. కబురు చేరేలోపు కన్నీళ్ళు ఆరిపోతాయిలే," అన్నాడు సిద్దీఖ్.

కొందరు నవ్వారు. నేనూ నవ్వాను.

దొర వచ్చిన రోజు ఉతికిన బట్టలు కట్టుకుని, దారిలో తినడానికి రొట్టెలు మూటగట్టుకుని నిలబడ్డాను. దొర మడత కుర్చీ వేసుకుని కూర్చున్నాడు. పక్కన తర్జుమా చేసే గుమాస్తా ఎఫెండీ. "నీ తండ్రి కూడా షేఖేనా?" అని అడిగాడు. నేను నోరు తెరిచేలోపు ఊరంతా అవునంది. తాత? అవును. ముత్తాత? అవును. ఎక్కడ కాదంటే హాజ్ కర్రార్ పేరు బయటికొస్తుందోనని అందరికీ భయం. ఏడో తాత దగ్గర దొర అలసిపోయి ఆపాడు. లేకపోతే మన తాళ్ళు పేనేవాళ్ళం ఆదాము దాకా షేఖులమయ్యేవాళ్ళం.

"భార్యాపిల్లలు?" అన్నాడు. "ఎవరూ లేరు," అని వాళ్ళే చెప్పారు. నేను రొట్టెల మూట సర్దుకున్నాను.

అప్పుడు సిపాయి పెట్టె తెరిచి అంగీ తీశాడు. ఎర్రటిది, అంచులకు జరీ. ఎవరో ఏనుగులాంటి మనిషి కోసం కుట్టింది, చేతులు నా మోకాళ్ళ దాకా వచ్చాయి. ఇక మీదట ఊళ్ళో తగువులు నేనే తీర్చాలట, ఇరవై దెబ్బల దాకా కొట్టించొచ్చట. ఎఫెండీ చెప్పాడు. దొర నాతో చెయ్యి కలిపి మోటారెక్కి వెళ్ళిపోయాడు.

హాజ్ కర్రార్ గడ్డం నిండా జొన్నపొట్టుతో పాతరలోంచి పైకొచ్చి నన్ను చూసి, "అయితే ఈసారి నిజంగానే షేఖును అడిగారా," అన్నాడు. ఆయన ముఖం చూడాల్సింది అక్కా.

నాకు సంతోషం కలగలేదు, బాధా కలగలేదు. ఇంటికెళ్ళి రొట్టెల మూట విప్పి తిన్నాను, అంతే. ఒక్కటి మాత్రం నిన్ను అడగాలనుంది. సిద్దీఖ్ అన్న మాట గురించి నువ్వేమంటావు? రాయించి పంపు.

తమ్ముడు
జుబారా


ఒమ్‌దుర్మాన్
1933 సెప్టెంబరు 14

షేఖు జుబారాకు, అతని అక్క ఆశీస్సులు.

ఆడపిల్ల పుట్టింది. బతికింది. సకీనా అని పేరు పెట్టాం. అందుకే జవాబు ఇంత ఆలస్యం. చివరి నెలలన్నీ మంచం దిగకూడదన్నారు, గట్టిగా నవ్వకూడదని కూడా అన్నారు.

నీ ఉత్తరం బావ చదివి వినిపించాడు. అంగీ చేతులు మోకాళ్ళ దాకా వచ్చాయని విని, నవ్వొద్దన్నా నవ్వాను. హాజ్ కర్రార్ జొన్నల పాతరలో పడ్డాడట కదా, పాపం. ఎలా పడ్డాడో బావ సరిగా చెప్పలేదు. దొర నీ నెమ్మది చూసి ఎంచుకున్నాడని, ఊరంతా ఒక్క గొంతుతో అవునందని బావ చదువుతుంటే నాకు నాన్న గుర్తొచ్చాడు. నాన్న ఉంటే ఏమనేవాడో. "షేఖైతే మాత్రం తాడు పేనడం మానతాడా," అనేవాడు.

నువ్వు అంగీ చేతులు కత్తిరించి కుట్టించుకో. సర్కారువాళ్ళు కొలతలు తీసుకోరు కదా.

ఇంకో మాట. మా పక్కింటివాళ్ళ చెల్లెలు ఒకమ్మాయి ఉంది. వితంతువు, పిల్లల్లేరు, కిస్రా రొట్టె పల్చగా పోస్తుంది, నోరు నెమ్మది. నీళ్ళు లేని మీ రాజ్యానికి వస్తానంటోంది. ఊఁ అను, నేను మాట్లాడతాను.

బెండకాయ వరుగు పంపు. ఇక్కడ సంతలో దొరికేది గడ్డిలా ఉంటుంది.

అక్క
బతూల్

బావగారి మనవి: బాలెంతరాలికి ఇబ్బంది కలుగు సంగతులు ఉత్తరములలో వ్రాయకుండుట మంచిది. పెద్దవాడిగా చెప్పుచున్నాను. — అవద్


ఉమ్ హషాబా
1934 ఫిబ్రవరి 3

అక్కా,

సకీనా పుట్టిందని తెలిసి ఊళ్ళో మేకను కోశాను. పదిమందీ తిన్నారు. వరుగు ఈ ఉత్తరంతో పాటే వస్తుంది.

నేను అడిగినదానికి నువ్వు జవాబు రాయలేదు. ఏం రాస్తావులే. బావ రాసిన మాట కూడా అర్థమైంది. ఇక అడగను.

ఆ అమ్మాయికి వేరే సంబంధం చూడండి.

ఇక్కడ నా షేఖుతనం ఎలా ఉందంటే, పేరు గొప్ప ఊరు దిబ్బ. తగువులు వారానికోసారి నా గుమ్మం ముందు వింటాను. నా వెనక ఈతచాప కట్టి ఉంటుంది. చాప వెనక హాజ్ కర్రార్ కూర్చుంటాడు. ఆయన ఒకసారి దగ్గితే వాదిది న్యాయం, రెండుసార్లు దగ్గితే ప్రతివాదిది. పోయిన వారం ఆయనకు నిజంగానే జలుబు చేసింది. ఒక ఒంటె విషయంలో మూడుసార్లు చేతులు మార్పించి చివరికి వాయిదా వేశాను. మొన్న దొర వచ్చి ఒక తగువు విని, ఇంత పద్ధతిగా తీర్పు చెప్పే షేఖును ఈ జిల్లాలో చూడలేదన్నాడు. చాప వెనక ముసలాయన పొంగిపోయి దగ్గాడు. అందుకు తీర్పు మార్చాల్సొచ్చింది.

అంగీ చేతులు కత్తిరించలేదు. తాడు పేనేటప్పుడు పైకి మడిచి ముడి వేసుకుంటున్నాను.

జుబారా


ఒమ్‌దుర్మాన్
1941 నవంబరు 30

జుబారాకు,

ఏడాదికొక ఉత్తరం, అందులో నాలుగు ముక్కలు. ఇదేనా అక్కకు రాసే తీరు? సకీనా "మామకు మనమంటే ఇష్టం లేదా" అని అడుగుతోంది. ఎనిమిదేళ్ళ పిల్లకు ఏం చెప్పను?

ఇప్పటికి నాలుగు సంబంధాలు చూశాను. నాలుగింటికీ ఒకటే మాట, వేరే చూడండి. మొదట ఆమ్నా మీద బెంగ అనుకున్నాను. పదేళ్ళ పైన బెంగ ఏ మగాడికుంటుందిరా? అంగీ తలకెక్కింది నీకు. మేము చూసే పిల్లలు షేఖుగారి స్థాయికి చాలరు కాబోలు. నాన్న తాళ్ళతోనే నేను పెరిగాను, నువ్వూ పెరిగావు. అది మరిచిపోకు.

ఇంకోటి విన్నాను. సిద్దీఖ్‌ను నువ్వు ఊరందరి ముందు కొట్టించావట. చిన్నప్పుడు నిన్ను భుజాల మీద మోసిన సిద్దీఖ్‌ను. విని ఆ పూట అన్నం సయించలేదు.

బతూల్

బావగారి మనవి: మా అన్న కుమారునకు అచ్చట బావి కాపలా ఉద్యోగము ఇప్పించగలరేమో విచారించవలెను. షేఖు బావమరిది ఉండి కూడా అని మా వాళ్ళు ఎత్తిపొడుచుచున్నారు. — అవద్


ఉమ్ హషాబా
1942 జనవరి 18

బతూల్ అక్కకు,

హాజ్ కర్రార్ పోయాడు. మూడు నెలలైంది. చాప తీసేశాను. ఇప్పుడు వెనక దగ్గేవాళ్ళెవరూ లేరు.

ఆయన పోయాక వచ్చిన మొదటి తగువే సిద్దీఖ్‌ది. నీకు తెలుసు, ఈ ఏడు వాన లేదు. పక్కవాళ్ళ తెబెల్దీ చెట్టు తొర్రలో వేసవికని నింపుకున్న నీళ్ళు సిద్దీఖ్ తోడుకున్నాడు. తోడుకున్నానని ఒప్పుకున్నాడు కూడా. పిల్లలు దాహమంటుంటే ఏం చెయ్యనన్నాడు. అవతలివాళ్ళకూ పిల్లలున్నారు. వాళ్ళలో ఒక పిల్ల దప్పికతో పోయింది. నేను పన్నెండు దెబ్బలన్నాను. కొడుతున్నంతసేపూ చూస్తూ కూర్చున్నాను, నాకేమీ అనిపించలేదు. అనిపించాలని చూశాను కూడా. అంగీ లోపల మనిషి లేనట్టుంది.

అయిపోయాక సిద్దీఖ్ లేచి దుమ్ము దులుపుకుని, "షేఖ్, గురువారం మా రెండోదాని పెళ్ళి. తప్పకుండా రావాలి," అన్నాడు. వెళ్ళాను. నా పళ్ళెంలో మాంసం వాడే వడ్డించాడు.

యుద్ధం వల్ల చక్కెర సర్కారు నుంచే వస్తోంది. నేనే పంచాలి. అందరూ వరసలో నిలబడి నాకు దణ్ణం పెట్టి తీసుకుంటారు. ఒకప్పుడు నాతో గోలీలాడినవాళ్ళు.

పెళ్ళి సంగతి ఇంకెప్పుడూ అడగకు. గర్వమన్నావు. కారణం నీకు తెలియనిదేం కాదు, మొదటి ఉత్తరంలోనే రాశాను. నాకు పెళ్ళాం పిల్లలు వస్తే, రేపు సర్కారు నిజంగా తల అడిగిననాడు ఊరు ఇంకొకణ్ణి వెతుక్కోవాలి. ఆ పని మీద మళ్ళీ మసీదు వెనక కూర్చోవడం నాకిష్టం లేదు. ఒకసారి చూశాను, చాలు.

బావి కాపలాకు ఊళ్ళోవాళ్ళే ఉన్నారని బావకు చెప్పు.

జుబారా


ఒమ్‌దుర్మాన్
1955 సెప్టెంబరు 22

జుబారా,

ఇది నా చేతిరాత. నవ్వకు. అక్షరాలు ఒంటెల గుంపులా ఎటుపడితే అటు పోతున్నాయి. సకీనా ఆడపిల్లల బడిలో పాఠాలు చెబుతోంది కదా. పెద్దవాళ్ళకు కూడా చెబుతామని సాయంత్రాలు పిలిస్తే నేనూ వెళ్ళాను. పలక మీద మొదట నా పేరు రాశాను, తర్వాత నీ పేరు.

మీ బావకు కళ్ళు మసకలొచ్చాయి. మొన్న నిన్ను తలుచుకుని, పోయిన ఏడాది నువ్వు రాసిన నాలుగు ముక్కలు మళ్ళీ చదవమంటే చదవలేకపోయాడు. నేనే చదివాను. ఇక నుంచి నీ ఉత్తరాలు నేనే చదువుకుంటాను. ఆయనకు నేను చదివి వినిపిస్తాను, నాకు నచ్చిన ముక్కలే.

ఇక్కడ దొరలు సామాన్లు అమ్ముకుంటున్నారు. పళ్ళేలు, దీపాలు, గుర్రపు జీనులు, అన్నీ వీధిలో పెట్టారు. మీ బావ ఒక మడత కుర్చీ కొన్నాడు. అందులో కూర్చుని "ఇక మన రాజ్యం" అంటాడు. లేవాలంటే నేను చెయ్యివ్వాలి.

దొరలు వెళ్ళాక మీ షేఖులను ఏం చేస్తారు? ఉంచుతారా? ఇక్కడ కుర్రాళ్ళు మాత్రం దొరల దగ్గర అంగీలు పుచ్చుకున్నవాళ్ళను ఒక్కొక్కణ్ణీ పట్టి అడగాలని అరుస్తున్నారు. జాగ్రత్త.

ఇంత రాసేసరికి చెయ్యి పడిపోయింది.

బతూల్


ఉమ్ హషాబా
1955 నవంబరు 17

అక్కా,

నీ అక్షరాలు బాగున్నాయి. బావ రాతలో నువ్వెప్పుడూ కాస్త దూరంగా వినిపించేదానివి.

ఆ అరుపులు ఇక్కడి దాకా వచ్చాయి. కొత్త సర్కారు అధికారి ఒకాయన కొత్త ఏడు మొదట్లో ఈ ఊళ్ళన్నీ తిరుగుతాడట. దొరల మనుషులుగా ఉన్నవాళ్ళ పేర్లు రాసుకుపోతాడని సంతలో చెప్పుకుంటున్నారు. పోయిన శుక్రవారం మళ్ళీ మసీదు వెనక కూర్చున్నారు. నన్ను పిలవలేదు. ఎందుకో నాకు తెలుసుననుకుని, రొట్టెలకు పిండి కలిపాను.

సాయంత్రం సిద్దీఖ్ వచ్చాడు. వాడికి పళ్ళన్నీ పోయాయి. మంచం అంచున కూర్చున్నాడు.

"షేఖ్, నువ్వు జిగురు తోటలోకెళ్ళి నాలుగు రోజులుండు. ఎవరూ నీ పేరెత్తరు. హసబోకు అంగీ వేసి నిలబెడతాం. మా షేఖు ఇతనే అంటాం."

హసబో అంటే పడమటి నుంచి మక్కాకు నడిచిపోతూ ఇక్కడ జ్వరపడి ఆగిపోయినవాడు. బావులు పూడిక తీస్తాడు. మాట తడబడుతుంది.

"హసబో ఎందుకు?" అన్నాను.

"వాడికెవరున్నారు? తీసుకుపోతే తీసుకుపోనీ. ఏడ్చేవాళ్ళెవరు?"

"మరి నాకెవరున్నారురా సిద్దీఖ్?"

వాడు నన్ను పిచ్చివాణ్ణి చూసినట్టు చూశాడు. "అదేం మాట? ఊరంతా లేదూ? నీకేమైనా అయితే మా ఆవిడ నన్ను గడప తొక్కనిస్తుందా?"

అక్కా, ఆ మాట వినాలని ఎన్నేళ్ళు ఎదురు చూశానో నాకే తెలియదు. విన్నాక ఏమీ కాలేదు. ఎవరి గురించో అంటున్నట్టు విన్నాను. లేచి హసబో గుడిసెకెళ్ళాను. "నీకు చెప్పారా?" అంటే చెప్పారన్నాడు. "సరేనన్నావా?" అంటే నవ్వాడు. ఆ నవ్వు నాకు బాగా తెలుసు. అలాంటిదే నేనూ ఒకసారి నవ్వాను.

ఇంటికొచ్చి సిద్దీఖ్‌కు చెప్పాను, నేనే నిలబడతానని. వాడు తిట్టాడు, బతిమాలాడు, ఇప్పటికీ రోజూ వస్తున్నాడు. నేను మారను.

పాత మాట ఒకటి. నన్నెందుకు షేఖును చేశారో రాసి, నువ్వేమంటావని అడిగితే అప్పుడు నువ్వేమీ అనలేదు. నేను తప్పుపట్టలేదు. దూరాన ఉన్నావు, కడుపుతో ఉన్నావు. నీ కన్నీళ్ళు ఆరిపోతాయని వాళ్ళన్నది నిజమే అయ్యుంటుందనుకున్నాను. అనుకుని అనుకుని అలవాటైపోయింది. ఇప్పుడు నువ్వే చదువుకుంటున్నావు కాబట్టి రాస్తున్నాను, నువ్వు నాకేమీ బాకీ లేవు. నన్ను పట్టుకుపోతే ఎవరో ఒకరు నీకు కబురు చేస్తారు.

జుబారా


ఒమ్‌దుర్మాన్
1955 డిసెంబరు 6

జుబారా, నాన్నా,

నీ ఉత్తరం చదివాను. మళ్ళీ చదివాను. నాకింకా చదవడం సరిగా రాలేదేమో అనుకుని సకీనా చేత చదివించుకున్నాను. అదీ అదే చదివింది.

నాకు తెలియదు. ఒక్క ముక్క కూడా తెలియదు.

మీ బావ కుర్చీలో ఉన్నాడు. ఎదురుగా కూర్చుని మొత్తం చదివి వినిపించాను, ఏదీ వదలకుండా. ఆయన లేవబోయి మళ్ళీ కూర్చున్నాడు. తర్వాత చెప్పాడు. "అప్పుడు నువ్వు మంచం మీదున్నావు. రెండు పోయాయి. ఇదీ పోతుందని భయపడ్డాను. ఆ ముక్క వదిలేసి చదివాను. పురుడయ్యాక చెబుదామనుకున్నాను. పురుడయ్యాక సంతోషంగా ఉన్నావు." "తర్వాత?" అన్నాను. "తర్వాత నాకే ఆ షేఖు మాట బాగుంది. కచేరీలో కుర్చీ వేసేవాళ్ళు," అన్నాడు. పెళ్ళి వద్దనడానికి నువ్వు రాసిన కారణం కూడా చదవలేదట. అది చదివితే ఇది చెప్పాల్సొస్తుందని. పెట్టెలోంచి నీ పాత ఉత్తరాలు తీసి అన్నీ నేనే చదివాను.

నేను అరవలేదు. లేచి టీ పెట్టి ఇచ్చాను. చక్కెర వెయ్యడం మరిచిపోయాను, ఆయన అడగకుండా తాగాడు. నాకు కోపం రావాలి కదా. రావడం లేదు. ఏడుపు కూడా రావడం లేదు. చెయ్యి మీద పడుకుంటే తిమ్మిరెక్కినట్టు, లోపలంతా అలా ఉంది. నాలుగు సంబంధాలు చూశాను నీకు. గర్వమని తిట్టాను. నువ్వు అడిగింది ఒక్క మాట. అదొక్కటీ నా దాకా రాలేదు.

ఇప్పుడు రాస్తున్నాను. సిద్దీఖ్ అబద్ధం చెప్పాడు. నాకు కబురు ఏడాదికి చేరినా, పదేళ్ళకు చేరినా, ఆ రోజు పోయినట్టే ఏడ్చేదాన్ని. ఇది వాడికి చదివి వినిపించు. గోడ అవతల నుంచి నా పేరు చెప్పిన ఆ ఆడమనిషి ఎవరో, బతికుంటే ఆమెకు కూడా.

నేను వస్తున్నాను. ఒబెయిద్ దాకా రైలు, అక్కడ నుంచి లారీ. సకీనాకు సెలవులు ఇవ్వగానే బయలుదేరతాం. మీ బావ వస్తానంటున్నాడు. ఇంకా ఆలోచించలేదు.

ఆ అధికారి ముందు నువ్వు నిలబడతానంటే ఆపను. ఒంటరివాడిలా మాత్రం నిలబడకు.

అక్క


ఉమ్ హషాబా
1956 జనవరి 12

అక్కా,

నేనిక్కడే ఉన్నాను. ఎవరూ ఎక్కడికీ తీసుకుపోలేదు.

కొత్త అధికారి నిన్న వచ్చాడు. మనలాంటి నల్లవాడే, కుర్రవాడు, చొక్కా చంకల్లో చెమట. దొర వేసుకున్న చోటే కుర్చీ వేసుకున్నాడు. సిద్దీఖ్ ముందు రోజు నుంచే నా గుమ్మం వదల్లేదు. ఆడవాళ్ళు గోడ వెనక నిలబడ్డారు. నేను అంగీ వేసుకుని, రొట్టెల మూట పట్టుకుని ముందుకెళ్ళాను. నీ ఉత్తరం జేబులో ఉంది.

"షేఖు మీరేనా?" అన్నాడు. నేనేనన్నాను. "కూర్చోండి పెద్దాయనా, ఆ మూటేమిటి?" అన్నాడు. ఆయన వచ్చింది జనం లెక్కకు. ఏ ఇంట్లో ఎంతమంది, ఎంతమంది ఆడ, ఎంతమంది మగ, అంతే. దొరల మనుషుల ఊసే లేదు. షేఖులను ఎప్పటిలా ఉండమన్నారట.

మొదట నా ఇంటితోనే మొదలుపెట్టాడు. "మీ ఇంట్లో ఎవరెవరున్నారు?"

"ఎవరూ లేరు, ఒక్కడే," అని నా వెనక నుంచి నలుగురు అన్నారు. వాళ్ళకు అలవాటు.

"అక్క ఉంది," అన్నాను. "బతూల్. ఒమ్‌దుర్మాన్‌లో ఉంది."

ఆయన కలం ఆపాడు. "ఒమ్‌దుర్మాన్‌లో ఉన్నవాళ్ళను ఒమ్‌దుర్మాన్‌లోనే లెక్కేస్తారు. ఇక్కడ కుదరదు."

"లెక్కలో వద్దులే బాబూ. ఊళ్ళోవాళ్ళు వినాలని చెప్పాను," అన్నాను.

సిద్దీఖ్ తల వంచుకున్నాడు. గోడ వెనక ఒక ముసలి గొంతు, "నేను అప్పుడే చెప్పానుగా," అంది. ఆ గొంతు సిద్దీఖ్ పెళ్ళానిదట అక్కా. ఇన్నేళ్ళూ నాకు తెలియదు. నీ ఉత్తరం ఆమెకు చదివి వినిపించాను.

అంగీ తిరిగిచ్చేస్తానంటే, తీసుకోమని తనకు ఉత్తర్వులు లేవన్నాడు ఆ కుర్రాడు. హసబోకు ఇచ్చేశాను. రాత్రుళ్ళు చలికి కప్పుకుంటాడు. రొట్టెలు ఇద్దరం కూర్చుని తిన్నాం.

బావను కూడా తీసుకురా. నీ కోసం ఆ ముక్క వదిలేశాడు, నీ కోసమే కదా మొదట. తర్వాతి షేఖు మోజు నాకూ ఉంది, అంగీ వేసుకుంటే జనం పక్కకు జరిగేవాళ్ళు. ఆ మడత కుర్చీ మాత్రం అక్కడే వదిలేసి రమ్మను.

నీ మంచానికి నులక పేనుతున్నాను. తెబెల్దీ బెరడు మెత్తగా నానింది. మంచం కోళ్ళు సిద్దీఖ్ చెక్కి ఇచ్చాడు, ఒకటి కురచ, కింద రాయి పెట్టాలి. ఆమ్నా పోయాక ఈ ఇంట్లో రెండో మంచం వెయ్యడం ఇదే. ఇవాళ పొద్దున పేనుతుంటే వేళ్ళ మధ్య నులక మరీ తడిగా తగిలింది. బెరడు నీళ్ళే అనుకుని పిండాను. పిండినా తడి ఆగలేదు. చూసుకుంటే ఆ తడి నా ముఖం మీద నుంచి కారుతోంది. చాలాసేపు ఆపలేకపోయాను, ఆపాలనీ అనిపించలేదు. పక్కన హసబో ఏమీ అడగకుండా తాడు రెండో కొస పట్టుకుని కూర్చున్నాడు.

లారీలో వెనక ఎక్కకండి, ధూళి. డ్రైవరు పక్కన కూర్చోండి.

నీ తమ్ముడు